పేర్లు లేకుండా చెబుతున్న కృతజ్ఞతలు

నా భర్త మీద వేసిన గృహహింస కేసులో కోర్టు ఇచ్చిన ఇంటరిమ్ (మధ్యంతర) ఆర్డర్ కాపీ చేతికొచ్చింది. ఇక రాసుకోవచ్చని మా లాయర్ గారు అన్నారు, కానీ షరతులు పెట్టారు. అతని పేరు రాయకూడదు, ఆఫీసు పేరు రాయకూడదు, ఫొటోలు అసలే పెట్టకూడదు. కేసు ఇంకా నడుస్తోంది కాబట్టి ఆవిడ మాట వింటున్నాను. నాకు సాయం చేసినవాళ్లలో కూడా చాలామంది "మా పేర్లెందుకమ్మా" అన్నారు. అందుకే ఎవరి పేరూ లేదు. ఎవరి ముక్క వాళ్లు చదవగానే గుర్తుపడతారు.

తెలియనివాళ్ల కోసం క్లుప్తంగా చెబుతాను. పెళ్లయ్యాక హైదరాబాద్‌లో అద్దె పోర్షన్‌లో కాపురం. ఇప్పుడు బాబుతో ఖమ్మంలో మా అమ్మావాళ్ల దగ్గర ఉంటున్నాను. కొట్టేవాడు. రోజూ కాదు. రోజూ కొట్టేవాడైతే ఇంకా ముందే బయటపడేదాన్నేమో అనిపిస్తుంది. కొట్టని రోజుల్లో నెమ్మదిగా ఉండేవాడు, బాబుకి బొమ్మలు తెచ్చేవాడు, నాకు మల్లెపూలు తెచ్చేవాడు. ఆ రోజుల్ని చూసుకునే మిగతావి ఓర్చుకుంటూ వచ్చాను.

మొట్టమొదట దండం పెట్టాల్సింది ఆ నర్సింగ్ హోమ్‌లోని డ్యూటీ డాక్టరమ్మకి. ఆ రోజు బాత్రూమ్‌లో జారిపడ్డానని చెప్పాను. అతను పక్కనే నిలబడి నాకంటే ముందే సమాధానాలు చెబుతున్నాడు. ఆవిడ నా జాకెట్టు చెయ్యి కొంచెం పైకి జరిపి చూశారు, ఏమీ అనలేదు. "ఎక్స్‌రేకి కింద కౌంటర్లో డబ్బు కట్టి రసీదు తీసుకురండి" అని అతన్ని పంపించేశారు. తలుపు మూసుకున్నాక, "జారిపడితే జబ్బ మీద నాలుగు వేళ్ల గుర్తులు పడవమ్మా. నువ్వు చెబితే చీటీలో రాస్తాను. దాన్ని వాడుకుంటావో లేదో నీ ఇష్టం" అన్నారు. చెప్పాను. ఎక్కడెక్కడ దెబ్బలున్నాయో, ఎంత పొడవున్నాయో, ఏ రంగులో ఉన్నాయో, ఎవరు కొట్టారని చెప్పానో అన్నీ రాశారు. కాపీ నా చేతికిస్తే అతను చూస్తాడని తన దగ్గరే ఉంచి, ఎప్పుడైనా వచ్చి తీసుకోమన్నారు. తర్వాత కోర్టులో నా మాటకి బలం ఇచ్చిన మొదటి కాగితం అదే. గృహహింసకి గురైన మనిషి వస్తే వైద్యం చెయ్యనని ఏ ఆసుపత్రీ అనకూడదని చట్టంలోనే ఉందని లాయర్ గారు చెప్పాక తెలిసింది. కానీ అతన్ని రసీదు వంకతో బయటికి పంపమని ఏ చట్టమూ చెప్పదు కదా. అది ఆవిడ తెలివి.

తర్వాత పై పోర్షన్ ఆంటీ. ఆంటీ, మీ కూర గిన్నెలు నేను తిరిగివ్వడానికి వచ్చిన ప్రతిసారీ గిన్నె కింద ఒక కవరు ఉండేది, గుర్తుందా? డిగ్రీ సర్టిఫికెట్లు, బాబు బర్త్ సర్టిఫికెట్, ఆధార్ జిరాక్సులు, పెళ్లి ఫొటో, బ్యాంక్ పాస్‌బుక్కు. ఒక్కొక్కటే మీ బియ్యం డ్రమ్ము వెనక్కి చేరాయి. అంకుల్‌కి కూడా చెప్పలేదట మీరు. "ఆయన నోట్లో నువ్వు గింజ నానదు" అన్నారు. నేను కట్టుబట్టలతో వచ్చేశానని అందరూ అనుకుంటున్నారు గానీ, నా జీవితమంతా అప్పటికే మీ వంటింట్లో భద్రంగా ఉంది.

మేముండే ఏరియా పోలీస్ స్టేషన్ గురించి ఎక్కువ రాయను. "సంసారమన్నాక ఇలాంటివి ఉంటాయి, పిల్లాడి మొహం చూసి సర్దుకుపో" అన్నారు. బయటికొచ్చాక 181కి, అంటే మహిళల హెల్ప్‌లైన్‌కి, ఫోన్ చేశాను. ఆ రాత్రి ఎత్తిన అమ్మాయి గొంతు చాలా చిన్న వయసుదానిలా ఉంది. పేరు, అడ్రసు అడగడానికి ముందే "మేడమ్, మీరిప్పుడు మాట్లాడగలరా? పక్కన ఎవరైనా ఉంటే ఊ అనండి చాలు" అంది. అమ్మా, నువ్వెవరో తెలియదు, ఏ షిఫ్టులో ఉంటావో తెలియదు. నువ్వు లైన్లో ఉండగానే సఖి సెంటర్ వాళ్లని, అంటే హింసకి గురైన ఆడవాళ్ల కోసం ప్రభుత్వం పెట్టిన సాయ కేంద్రం వాళ్లని, కలిపావు. చల్లగా ఉండు.

సఖిలో బాబుతో కలిసి కొన్ని రోజులు ఉండనిచ్చారు. అక్కడ మామూలుగా ఐదు రోజుల వరకే ఉంచుకుంటారు, ఆ తర్వాత కావాలంటే షెల్టర్ హోమ్‌కి పంపిస్తారు. నాకు అంత అవసరం రాలేదు, మా తమ్ముడు వచ్చి తీసుకెళ్లాడు. అక్కడి కౌన్సెలర్ మేడమ్‌కి నేను వెళ్లగానే చెప్పుకున్నవన్నీ అయోమయపు మాటలే. మళ్లీ వెళ్లాలా, విడాకులా, అతను మారతాడా అని. ఆవిడ అన్నీ విని, "అవన్నీ నీ నిర్ణయాలు, తొందరేం లేదు. బాబు పాలు తాగుతాడా, అన్నం తింటాడా చెప్పు" అన్నారు. చాలాకాలం తర్వాత నాకు సమాధానం తెలిసిన ప్రశ్న అది. పాలు, బిస్కెట్లు.

ఇక ఖమ్మంలో. ఒక విషయం చాలామందికి తెలియదు కాబట్టి కొంచెం వివరంగా రాస్తున్నాను. హింస హైదరాబాద్‌లో జరిగింది కదా, కేసు కూడా అక్కడే వెయ్యాలేమోనని మా ఇంట్లో పెద్ద టెన్షన్. అక్కర్లేదు. మనం తాత్కాలికంగా తలదాచుకున్న ఊళ్లో కూడా వెయ్యొచ్చు. గృహహింస చట్టం 2005లో చేశారు, 2006 అక్టోబరు 26 నుంచి అమల్లో ఉంది. పిటిషన్ వేసినంత మాత్రాన ఎవర్నీ జైల్లో పెట్టరు. మెజిస్ట్రేట్ దగ్గర రక్షణ, ఉండటానికి చోటు, ఖర్చులకి డబ్బు, పిల్లల కస్టడీ అడగడం, అంతే. ఆర్డర్ ఇచ్చాక దాన్ని మీరితే అప్పుడది నేరం, ఏడాది దాకా జైలు గానీ ఇరవై వేల దాకా జరిమానా గానీ రెండూ గానీ. భర్త క్రూరత్వం మీద క్రిమినల్ కేసు పెట్టాలంటే అది వేరే సెక్షన్, పాత ఐపీసీలో 498ఏ, 2024 జులై నుంచి దాని బదులు వచ్చిన బీఎన్ఎస్‌లో 85. "మొగుణ్ణి జైలుకి పంపుతావా" అని నన్ను నిలదీసిన మా పెదనాన్న కోసం కూడా ఈ పేరా.

ఈ చట్టం కింద మనకి సాయం చెయ్యడానికి ప్రభుత్వం పెట్టిన ప్రొటెక్షన్ ఆఫీసర్ గారి ఆఫీసులో ఒక ఫారం నింపుతారు, డీఐఆర్ (డొమెస్టిక్ ఇన్సిడెంట్ రిపోర్ట్) అంటారు. నింపిన మేడమ్‌కి నేను ప్రత్యేకంగా రుణపడి ఉన్నాను. అతను కొట్టిన సంగతులే చెప్పి నేను ఆపేశాను. ఆవిడ ఆపలేదు. ఫారంలో ఉన్నవి ఒక్కొక్కటీ పైకి చదువుతూ, ఉంటే ఊ అనమన్నారు. శీలాన్ని అనుమానించడం. ఊ. ఫలానావాళ్లని కలవొద్దని ఆపడం. ఊ. జీతం లాక్కోవడం. నా జీతం పడే అకౌంట్ కార్డు మొదటి నెల నుంచీ అతని పర్సులోనే ఉండేది. ఓటీపీ కూడా అతని నంబరుకే. ఊ. చెప్పకుండా నగలు తాకట్టు పెట్టడం. ఊ. తర్వాత నా భద్రత కోసం నింపే ఇంకో ఫారం తీశారు, అందులోనూ అలాగే. ఆత్మహత్య చేసుకుంటానని బెదిరించడం. అక్కడ నేను "అది కూడానా మేడమ్?" అన్నాను. నేను పుట్టింటికి వెళ్తానన్నప్పుడల్లా అతను ఫ్యాన్ వైపు చూసి అనే మాట అది. నేను దాన్ని ప్రేమలో లెక్కేసుకున్నాను. ఫారం తయారుచేసినవాళ్లు ఎప్పుడో 2006లోనే ఈ బెదిరింపుకి కూడా ఒక గడి కేటాయించారు. అంటే ఇది నా ఒక్క ఇంట్లో జరిగే సంగతి కాదు, ప్రింటు వేయించాల్సినన్ని ఇళ్లలో జరుగుతోంది. చెబితే నవ్వుతారేమో, ఆ గడి చూశాక నాకు ఎక్కడలేని ధైర్యమొచ్చింది.

ఎన్ని ఇళ్లలో అని తర్వాత వెతికి చదివాను. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం, పెళ్లయిన ఆడవాళ్లలో భర్త చేతిలో శారీరక లేదా లైంగిక హింసకి గురైనవాళ్లు తెలంగాణలో నూటికి 37 మంది దాకా, ఆంధ్రప్రదేశ్‌లో 30 మంది. అంటే మా స్టాఫ్ రూమ్‌లో, మా అపార్ట్‌మెంట్ లిఫ్టులో, పెళ్లి భోజనాల బంతిలో నా పక్కన కూర్చున్నవాళ్లలో ప్రతి ముగ్గురిలో ఒకరు. దేశం మొత్తం మీద హింసకి గురైనవాళ్లలో 77 శాతం మంది ఎవరినీ సాయం అడగలేదు, కనీసం ఎవరితోనూ చెప్పుకోలేదు. సాయం అడిగినవాళ్లు 14 శాతమే. అదే సర్వేలో ఇంకో ప్రశ్న ఉంది. చెప్పకుండా బయటికెళ్తే, ఎదురు మాట్లాడితే, వంట బాగా చెయ్యకపోతే, అత్తమామల్ని గౌరవించకపోతే, ఇలా ఏడు కారణాలు చెప్పి, వీటిలో దేనికైనా భర్త కొట్టడం సబబేనా అని ఆడవాళ్లనే అడిగారు. కనీసం ఒక కారణానికి సబబే అన్నవాళ్లు రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ నూటికి దాదాపు 84 మంది. దేశంలోనే పై వరసలో ఉన్నాం. సర్వేవాళ్లు మా ఇంటికి వచ్చుంటే మా అమ్మ ఏం చెప్పేదో నాకు తెలుసు. కొన్నేళ్ల క్రితం నేను ఏం చెప్పేదాన్నో కూడా తెలుసు.

అమ్మ సంగతి వచ్చింది కాబట్టి. రెండేళ్ల క్రితం మా పెద్దమనుషులు పంచాయితీ పెట్టారు. టీలు తాగారు, నాకు ఓర్పు గురించి చెప్పారు, అతని చేత ఒక తెల్లకాగితం మీద "ఇకమీదట నా భార్యను కొట్టను" అని రాయించి సంతకం పెట్టించారు, సాక్షులుగా వాళ్లూ పెట్టారు. సమస్య తీరిపోయిందని లేచారు. ఆ కాగితానికి ఏ విలువా లేదనుకున్నాను. మా లాయర్ గారు మాత్రం కథ మధ్యలో పెన్ను ఆపి "ఆ కాగితం ఎక్కడుందిప్పుడు?" అన్నారు. ఇకమీదట కొట్టనని రాశాడంటే అప్పటిదాకా కొట్టానని ఒప్పుకున్నట్టే కదా అని ఆవిడ లెక్క. ఎక్కడుందో నాకు తెలియదు. అమ్మ లేచి బీరువా తెరిచి, పట్టుచీరల అడుగున మడతపెట్టిన ఆ కాగితం తీసిచ్చింది. సర్దుకుపొమ్మని నాకు చెబుతూనే, ఎందుకైనా మంచిదని దాచిందట. అమ్మా, నీకేం చెప్పాలో ఇంకా తెలియడం లేదు. ఇది మాత్రం రాసి పెడుతున్నాను.

ఆ లాయర్ గారు జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ద్వారా వచ్చినవారు. ఆడవాళ్లకి జీతం ఉన్నా లేకపోయినా లాయర్‌ని ఉచితంగా ఇస్తారు. 15100కి ఫోన్ చేసినా చెబుతారు. ఉచితం అంటే తూతూమంత్రం అనుకునేవాళ్లకి ఈవిడని చూపించాలి. వాయిదాలకి నాకంటే ముందు వచ్చేవారు. చట్టం ప్రకారం మొదటి వాయిదా నుంచి అరవై రోజుల్లో తేల్చడానికి ప్రయత్నించాలి. మా కేసు తేలలేదు, తేలినవి చాలా తక్కువని ఆవిడే చెప్పారు. కానీ మధ్యంతర ఆర్డర్ వచ్చింది: అతను నన్ను ఏ రకంగానూ కాంటాక్ట్ చెయ్యకూడదు, నా ఆఫీసుకీ బాబు స్కూలుకీ రాకూడదు, నెలనెలా ఖర్చులకి డబ్బు ఇవ్వాలి. డబ్బు రావడం సంగతి అలా ఉంచండి, స్కూలు మాట ఆర్డర్‌లో ఉండటం నాకు ముఖ్యం.

స్కూలు అంటే, మా వీధి చివర ప్రభుత్వ పాఠశాల హెడ్‌మిస్ట్రెస్ గారు. టీసీ లేదు, ఏడాది మధ్యలో. "టీసీ ఆలస్యమైందని చేర్చుకోకుండా ఉండటానికి వీల్లేదమ్మా, అది నేను తెప్పించుకుంటాను" అని ఆ రోజే క్లాసులో కూర్చోబెట్టారు. మా బాబు రెండో తరగతి. నాన్న బైకు స్టాండ్ వేసే చప్పుడుని బట్టి ఆ రాత్రి ఎలా ఉండబోతోందో చెప్పగలిగేవాడు. కొత్త స్కూల్లో కూడా బయట బండి ఆగితే రాయడం ఆపి తలుపు వైపు చూసేవాడట. ఇది నేను చెప్పింది కాదు, వాళ్ల టీచర్ గమనించి నాకు చెప్పారు. వాణ్ణి రోడ్డు వైపు కిటికీ దగ్గర నుంచి తీసి లోపలి వరసలో కూర్చోబెట్టారు, పక్కన బాగా వాగే పిల్లాణ్ణి వేశారు. ఇప్పుడు ఇద్దరి మీదా అల్లరి కంప్లైంట్లు వస్తున్నాయి. టీచర్ గారూ, కంప్లైంట్లు పంపుతూ ఉండండి.

చివరగా ఒక మనిషి. మా ఆడబిడ్డ, అంటే అతని సొంత అక్క. వదిన నా తరఫున అఫిడవిట్ ఇచ్చింది. కళ్లారా చూసిన రెండు సంఘటనలు, తేదీలతో సహా. "మా నాన్న మా అమ్మని కొట్టేవాడు, మేం మంచం కింద దాక్కునేవాళ్లం, తమ్ముడు కూడా" అని నాతో మాత్రం చెప్పింది, అది అఫిడవిట్‌లో లేదు. దాని ఫలితంగా పుట్టింటివాళ్లు ఆవిడని గడప తొక్కొద్దన్నారు. నా వల్ల ఇలా అయిందని నేను బాధపడితే, "నీ వల్ల కాదు, వాడి వల్ల" అని ఫోన్ పెట్టేసింది.

వచ్చే నెల వదిన కూతురి ఓణీల ఫంక్షన్. మేనమామ బట్టలు పెట్టాలి, ఆయనేమో రానన్నాడట. బట్టలు నేను తీసుకెళ్తున్నాను, నా జీతంతో. లాయర్ గారిని అడిగితే వెళ్లొచ్చన్నారు, అతనుగానీ వస్తే ఒక్క మాట మాట్లాడకుండా బయల్దేరి ఫోన్ చెయ్యమన్నారు. వదిన గులాబీ రంగు అంటోంది, పిల్లేమో చిలకపచ్చే కావాలని పట్టుబట్టింది. చిలకపచ్చే కొంటున్నాను, వదినకి ఇంకా చెప్పలేదు.