కాలిఫోర్నియన్ సీను ఏమైంది?

సంపాదకుల వారికి,

పోయిన ఆదివారం మీ సినిమా పేజీలో ‘టైటానిక్’లో కత్తిరించిన సీన్ల గురించి వేశారు. రోజ్‌కు కాబోయే మొగుడి నౌకరు లవ్‌జాయ్ పిస్తోలుతో నీళ్లు నిండిన భోజనాల హాల్లో జాక్ వెంటపడటం, ముసలి రోజ్ వజ్రాన్ని సముద్రంలో పడేయబోతుంటే మనవరాలు, ఆ వజ్రం కోసం వెతికే బ్రాక్ పరుగెత్తుకొచ్చే క్లైమాక్సు... ఇంతే. మిగతా సగం పేజీ మామూలే, చివర్లో తేలే ఆ చెక్క మీద జాక్, రోజ్ ఇద్దరూ పట్టేవారా లేదా! పాతికేళ్లు దాటినా ఈ చర్చ తెగదు.

ఓడ మునుగుతుంటే లవ్‌జాయ్ వజ్రం కోసం ప్రాణాలకు తెగిస్తాడా అని ప్రివ్యూ చూసినవాళ్లు నమ్మలేదట, దర్శకుడు కామెరాన్ ఆ ఫైటు తీసేశాడు. సరే. (లవ్‌జాయ్ తల మీద గాయం మాత్రం సినిమాలో అలాగే ఉండిపోయింది.) కానీ అసలు సీను ఊసే మీరెత్తలేదు. ఓడల్లో రేడియో ఆఫీసరుగా చేసి రిటైరైనవాణ్ణి, అందుకే ఇంత మంట.

టైటానిక్ మునిగిన రాత్రి కాలిఫోర్నియన్ అనే ఓడ మంచుగడ్డల మధ్య ఆగిపోయి, టైటానిక్ పేల్చిన ఆపద రాకెట్లు కనపడేంత దగ్గర్లోనే ఉంది. మంచు సంగతి చెప్పబోయిన దాని రేడియో ఆపరేటర్ ఇవాన్స్‌ను టైటానిక్ ఆపరేటర్ ఫిలిప్స్ నోరు మూసుకోమన్నాడు, కేప్ రేస్ అనే తీరం రేడియో స్టేషన్‌తో బిజీగా ఉన్నానని. బిజీ అంటే ప్రయాణికుల సొంత టెలిగ్రాములు పంపడం. ఇరవై ఏళ్ల ఇవాన్స్ పదకొండున్నర ప్రాంతంలో సెట్టు కట్టేసి పడుకున్నాడు. 11.40కి టైటానిక్ మంచుకొండను గుద్దుకుంది. ఇవతల కాలిఫోర్నియన్‌లో రాకెట్లు చూశారు, కెప్టెన్‌కు చెప్పారు, దీపంతో సిగ్నలిచ్చారు. ఆ కుర్రాణ్ణి లేపాలని మాత్రం తెల్లవారుజాము దాకా ఒక్కరికీ తోచలేదు! దాదాపు 1500 మంది పోయారు.

ఫిలిప్స్ కసురుకోవడం, ఇవాన్స్ పడుకోవడం కామెరాన్ షూట్ చేశాడు. ప్రేక్షకుడి దృష్టి టైటానిక్ దాటి పోకూడదని కత్తిరించాడు. దర్శకుడిగా ఆయన లెక్క ఆయనది, తప్పుపట్టను. 2005 డీవీడీలో ఆ ముక్క ఉంది కూడా. మరి మీకేం అడ్డమొచ్చింది? ఆ ఘోరం తర్వాతే 1914లో లండన్‌లో సముద్ర భద్రత ఒప్పందం కుదిరి, పెద్ద ప్రయాణికుల ఓడల్లో రాత్రీ పగలూ రేడియో వినాలన్న నిబంధన వచ్చింది. మా రేడియో గది గడియారం మీద 15 నుంచి 18, 45 నుంచి 48 నిమిషాల మధ్య ఎర్ర రంగు ఉండేది. ఆ మూడేసి నిమిషాలు, ఆపద పిలుపులు వచ్చే 500 కిలోహెర్ట్జ్ మీద ఎవరూ మామూలు మెసేజీలు కొట్టకూడదన్నది అప్పటి రూలు. ఆపదలో ఉన్నవాడి పిలుపు వినపడాలి కదా.

చెక్క మీద అంత మక్కువే ఉంటే, నిజంగానే చెక్క మీద తేలుతూ దొరికిన చైనా ప్రయాణికుడి సీను కూడా తీసి కత్తిరించారు, అది రాయాల్సింది. బతికిన ఆరుగురు చైనీయుల్ని అమెరికా వెంటనే వెళ్లగొట్టింది. జాక్ తప్ప ఎవరు పోయినా, ఎవరు మిగిలినా మీ పేజీకి పట్టదు.

ఇక్కడ మాత్రం ఏం ఏడ్చింది? మొన్న గాలివానకు మా వీధిలో కరెంటు తీగ తెగిపడింది. 24 గంటల సేవ అని బోర్డు పెట్టుకున్న ఆఫీసుకు ఫోన్ చేస్తే మోగి మోగి ఆగిపోయింది. కర్ర పట్టుకుని పిల్లల్ని అటు పోనీకుండా కాపలా కాసింది పక్కింటి ఆటో అబ్బాయి. మర్నాడు తాపీగా వచ్చినవాళ్లు, కంప్లయింట్ నంబరేదని అడిగారు మమ్మల్ని!

జాగా చాలకపోతే ఈ తీగ గొడవ తీసేయండి గానీ కాలిఫోర్నియన్ పేరా జోలికి పోకండి.

— ఒక రిటైర్డ్ రేడియో ఆఫీసర్, విశాఖపట్నం