కెమెరాకి చిక్కనివాళ్ల సంగతేంటి?

సంపాదకుల వారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ అనుబంధంలో బ్రెజిల్ నటీమణుల మీద వచ్చిన వ్యాసం ఆసాంతం చదివాను. తల్లి ఫెర్నాండా మాంటెనెగ్రోకి 1999లో, కూతురు ఫెర్నాండా టోరెస్‌కి 2025లో ఆస్కార్ నామినేషన్లు రావడం గురించి బాగా రాశారు. కానీ అంత పెద్ద వ్యాసంలో కసిల్డా బెకర్ పేరు ఒక్కసారైనా కనిపించకపోయేసరికి మనసు చివుక్కుమంది. ఆవిడ చేసిన సినిమాలు రెండే, ఒకటి 1947లో, ఇంకోటి 1954లో. అందుకే వదిలేశారనుకుంటా. కానీ ఆ రోజుల్లో సావో పాలోలో నాటకం అంటే ముందు గుర్తొచ్చే పేరు ఆవిడదే.

1921లో పుట్టింది. తండ్రి వదిలేసి పోతే టీచరుగా చేసే తల్లి ముగ్గురాడపిల్లల్నీ నానా అవస్థలు పడి పెంచింది. 1948లో ఫ్రాంకో జాంపారి అనే ఇటలీ పారిశ్రామికవేత్త సావో పాలోలో టీబీసీ అనే నాటకశాల పెట్టినప్పుడు, అక్కడ వేషాలు వేసేవాళ్లంతా సరదా కొద్దీ వచ్చినవాళ్లే, ఈవిడ మాత్రం కాంట్రాక్టు రాసి జీతం ఇస్తేనే వేస్తానంది. నాకు ఆవిడ మీద గౌరవం కలిగింది అక్కడే. రెండేళ్లకి, 29 ఏళ్ల వయసులో, కన్నతల్లి ప్రేమకి నోచుకోని ఎర్రజుట్టు పిల్లాడి వేషం కట్టింది. ఆ ఫొటోలు ఇప్పటికీ ఉన్నాయి, ఆ పీల మనిషిని చూస్తే నిజంగా పిల్లాడే అనుకుంటాం. ఆ పిల్లాడు ఎలా మాట్లాడాడో, ఎక్కడ ఆగాడో మాత్రం ఫొటో చెప్పదు కదా.

మీ వ్యాసంలో బ్రెజిల్‌లో అప్పటి సైనిక పాలన గురించి రాశారు కాబట్టి ఇది కూడా చెప్పాలి. 1968లో సావో పాలోలో ఒక నాటక ప్రదర్శనకి సెన్సారు వాళ్లు పేజీలకి పేజీలే కొట్టేస్తే, రాష్ట్ర నాటక కమిషన్‌కి అధ్యక్షురాలిగా ఉండి కూడా కసిల్డా స్టేజీ ఎక్కి, కోతల్లేకుండానే ఆడతాం అని ప్రేక్షకుల ముందే ప్రకటించింది. ఆ రోజుల్లో అది ఎంత టెన్షన్‌తో కూడిన పనో ఊహించుకోండి.

మరుసటి ఏడాది మే 6న బెకెట్ రాసిన ‘గోడో కోసం’ నాటకంలో ఎస్ట్రగాన్ వేషంలో ఉంది, అదే, తెర లేవగానే కాలి బూటు ఊడక తంటాలు పడే ఆ బిచ్చగాడు. పక్కన రెండో బిచ్చగాడుగా భర్త వాల్మోర్ షాగస్. విరామంలో మెదడులో నరం చిట్లి కుప్పకూలిపోతే, ఆ చిరుగుల బట్టలతోనే ఆస్పత్రికి తీసుకెళ్లారు. ఐదు వారాలు దాటినా స్పృహ రాలేదు, జూన్ 14న పోయింది. 48 ఏళ్లు.

ఆవిడ నడక, గొంతు ఇప్పుడు చూడాలనుకుంటే ముఖ్యంగా దిక్కు 1954లో వేరా క్రూజ్ అనే సినిమా కంపెనీ వాళ్లు తీసిన ఆ ఒక్క సినిమానే, క్షయ రోగుల శానటోరియం ఉన్న కొండ ఊళ్లో నడిచే కథ. ఇరవై ఎనిమిదేళ్ల స్టేజీ బతుక్కి మిగిలింది అంతేనా అని బాధేస్తుంది. మా తాతయ్య, ఆడవేషాలకి పేరుపడ్డ నాటక నటుడు స్థానం నరసింహారావు గారి సత్యభామ వేషం గురించి చెప్తూ చెప్తూ కళ్లు తుడుచుకునేవారు, నాకు మాత్రం ‘మీరజాలగలడా’ రికార్డులో గొంతు తప్ప ఏమీ దక్కలేదు.

అందుకే అడుగుతున్నాను. సినిమా పేజీలు మీకు ఎన్నో ఉన్నాయి, వారానికి అర పేజీ నాటకం వాళ్లకి ఇవ్వండి. రెండు తెలుగు ప్రభుత్వాలూ, ఇంకా వేషం కట్టగలిగిన వయసు మళ్లిన నటుల చేత, సురభి వాళ్లతో సహా, పూర్తి నాటకాలు ఆడించి వీడియో తీయించాలని మీ పత్రిక గట్టిగా అడగాలి. మా తెనాలి నుంచే మొదలుపెట్టండి, చెప్పడానికి పెద్దవాళ్లు ఇంకా కొందరు ఉన్నారు.

– ఒక పాఠకురాలు, తెనాలి