ఎల్థమ్ చర్చి దగ్గర ఒక పేరు

లండన్,
ఆదివారం

అమ్మా,

దగ్గు తగ్గింది. శొంఠిపొడి ఇంకా సగం డబ్బా ఉంది, మళ్లీ పంపకు.

ఇవాళ ఎల్థమ్ వెళ్లాను. అక్కడి సెయింట్ జాన్ చర్చి ఆవరణలో ఒక సమాధిరాయి ఉంది. యెమ్మెరవాన్నె, న్యూ సౌత్ వేల్స్ స్థానికుడు, 1794 మే 18న, 19వ ఏట మరణించాడు అని దాని మీద చెక్కారు.

ఆస్ట్రేలియా ఆదివాసీ పిల్లవాడమ్మా. సిడ్నీ దగ్గర నది ఒడ్డున బతికిన వంగల్ తెగ వాళ్లబ్బాయి. 1792 డిసెంబరులో అక్కడి బ్రిటిష్ వలస గవర్నర్ ఫిలిప్ ఇంగ్లండుకు తిరిగి వస్తూ అతణ్ణీ, అతని తెగవాడే అయిన బెనెలాంగ్‌నూ ఓడలో తీసుకొచ్చాడు. ఇష్టపడే వచ్చారని రాస్తారు. కానీ మూడేళ్ల ముందు బెనెలాంగ్‌ను చేపలు ఎరచూపి పట్టించి, కాలికి సంకెల వేయించింది ఈ ఫిలిప్పే. ఆ తర్వాత అన్న 'సరే'ను నేను ఇష్టమని ఒప్పుకోలేను.

ఇక్కడ కొత్త బట్టలు కుట్టించారు, నగరం చూపించారు. వాళ్లిద్దరూ తమ పాట పాడితే ఒక సంగీతకారుడు దాన్ని స్వరాలతో రాసుకున్నాడు. పిల్లవాడికి ఊపిరితిత్తుల జబ్బు చేసింది. వైద్యులు చూశారు, మందులిచ్చారు. జనవరిలో జ్వరమొచ్చినప్పుడు నేను ఫోనులో నీతో ఎంతసేపు మూలిగానో గుర్తుందా? జ్వరంలో నాకు ఇంగ్లిషు నోట రాదు. అతని మూలుగు అర్థమయ్యేది ఈ దేశం మొత్తంలో బెనెలాంగ్ ఒక్కడికే. అతను పోయాక బెనెలాంగ్‌కు ఆ ఒక్కరూ లేరు. సిడ్నీ చేరేసరికి 1795 సెప్టెంబరు అయింది.

మరుసటి ఏడు బెనెలాంగ్ చెప్పి రాయించిన ఉత్తరం ఒకటి మిగిలింది. తనకు జబ్బు చేసినప్పుడు సేవ చేసిన ఇల్లాలికి అందులో కృతజ్ఞత చెప్పాడు. చేతిరుమాళ్లు, మేజోళ్లు, బూట్లు పంపమన్నాడు. ఇక ఇంగ్లండు రానని, ఇప్పుడు ఇంటి దగ్గరున్నానని చెప్పాడు.

పిల్లవాడి రాయిని ఎప్పుడో కదిపారట. ఎముకలు ఏ చోట ఉన్నాయో ఇప్పుడు ఎవరికీ తెలియదు. నేను నా ఇష్టంతో వచ్చినదాన్ని, ఆ బాధను నాదనను. పేరు మాత్రం గట్టిగా రెండుసార్లు చదివాను. మన పేర్లలాగే అచ్చుతో ముగుస్తుంది, నోటికి తేలికగా వచ్చింది.

జూన్ 12కి టికెట్టు తీశాను. నాన్నకు చెప్పు.

నీ
చిన్ని