పటం మారింది సరే, ఆ ఊరేమైంది?

ఎడిటర్ గారికి నమస్కారం.

మీ ఆదివారం అనుబంధంలో వస్తున్న ఫ్యాంటసీ సీరియల్ మొదటి వారం నుంచీ వదలకుండా చదువుతున్నాను, భాష బాగుంది, అందులో రాక్షసులు కూడా బాగున్నారు. నా గొడవంతా ఆ మాయాపటంతోనే. హీరో దారి తప్పడం ఆలస్యం, చేతిలో పటం మెరుస్తుంది, పాత దారి చెరిపేసి కొత్త దారి తనే గీసుకుంటుంది, ఆయన దర్జాగా నడుచుకుంటూ వెళ్లిపోతాడు. దీనికి మాయ ఎందుకండీ? మన ఫోన్లో మ్యాప్ రోజూ చేసేది అదే కదా!

నేనూ కాలక్షేపానికి ఒక ఊహాలోకం అల్లుకుంటూ ఉంటాను (అచ్చుకు పంపే ఉద్దేశం లేదు, భయపడకండి). అందులోనూ తనంతట తనే మారే పటం ఒకటుంది. రెండేళ్లు దాంతో కుస్తీ పడ్డాక తెలిసిందేమిటంటే, నేల మారితే పటం మారుతుందా, పటం మారితే నేల మారుతుందా అన్నది రాసేవాడు ముందే తేల్చుకోవాలి. నేలను చూసి మారేదైతే అది కబురు మోసే మనిషి లాంటిది, ఆలస్యంగా రావచ్చు, తప్పుగా రావచ్చు, ఒక్కోసారి కావాలనే దాచిపెట్టొచ్చు కూడా. అలా కాక పటమే నేలను మార్చేదైతే ఇక అది ఎవరి చేతిలో ఉంటే వాడే రాజు, ఒక్క గీత చెరిపితే పక్క రాజ్యానికి రేవు ఉండదు. మీ సీరియల్లో ఉన్నది ఈ రెండో రకమని ఏడో వారంలో తేలింది. మరి అంతటి పటాన్ని భుజాన సంచిలో వేసుకుని సత్రాల్లో పడుకుంటున్నాడే, ఇన్ని వారాల్లో ఒక్క దొంగైనా దాని జోలికి రాడేం?

నా లోకంలో నది ఏటా వానాకాలంలో పాయ మారుస్తుంది. ఆ రాత్రి పటం మీద సిరా మళ్లీ తడిదేరి, పక్కకు జరిగి, తెల్లారేసరికి ఆరిపోతుంది. ఇదెలా ఉంటుందో మా మేనకోడలికి చూపిద్దామని గరుకు కాగితం మీద నీలం సిరాతో నది గీసి, ఆరకముందే తడి కుంచెతో పక్కకు లాగాను. నది జరిగింది గానీ పాత గీత పూర్తిగా పోలేదు, లేత మరకలా మిగిలిపోయింది. ఆ మరక ఒడ్డున నేను అంతకుముందే ఊరని పెట్టిన చుక్క ఒకటుంది. పిల్ల దాని మీద వేలు పెట్టి, "మామయ్యా, మరి వీళ్లు నీళ్లెక్కడ తెచ్చుకుంటారు?" అంది. నాకు నోట మాట రాలేదు. రెండేళ్లు నది గురించి బుర్ర బద్దలు కొట్టుకున్నాను గానీ ఆ చుక్క సంగతే తట్టలేదు. ఇప్పుడు నా కథంతా ఆ ఊరిదే అయిపోయింది, మా హీరో ఎటు పోయాడో నాకే తెలీదు.

నిజం పటాల్లో ఇంతకన్నా వింతలున్నాయి. హెరాల్డ్ ఫిస్క్ అనే భూగర్భ శాస్త్రవేత్త మిసిసిపీ నది వేల ఏళ్లుగా వదిలేసిన పాత దారులన్నిటినీ తలో రంగు వేసి ఒకే పటం మీద గీయించాడు, 1944లో. రంగు రిబ్బన్ల చిక్కుముడిలా ఉంటుంది, అందులో ఇప్పటి నది ఏదో వెతుక్కోవాలి. ఇక మారకుండా మొండికేసిన పటాలైతే మరీనూ. 1798లో రెన్నెల్ అనే ఇంగ్లీషు భూగోళవేత్త గీసిన పటంలో పశ్చిమ ఆఫ్రికాకు అడ్డంగా కాంగ్ పర్వతాలని ఒక వరుస ఉంది. 1889లో బింజే అనే ఫ్రెంచి అధికారి అటు తిరిగొచ్చి అక్కడ అలాంటి కొండలే లేవని చెప్పేదాకా, అంటే దాదాపు తొంభై ఏళ్లు, లేని కొండలు అచ్చవుతూనే వచ్చాయి. మొన్న మొన్న, 2012లో, ఆస్ట్రేలియాకూ పసిఫిక్ సముద్రంలోని న్యూ కాలడోనియా దీవులకూ మధ్య పటాల్లో ఉన్న శాండీ దీవి దగ్గరికి పరిశోధన ఓడ వెళ్లి చూస్తే వెయ్యి మీటర్లకు పైగా లోతున్న సముద్రం తప్ప ఏమీ లేదు. ఇవన్నీ ఏ మంత్రగాడూ లేకుండానే జరిగాయి! మీ రచయిత పటం చేత ఒక్కసారైనా అబద్ధం చెప్పిస్తే చూడాలని ఉంది. ఇంతవరకూ అది పాపం హరిశ్చంద్రుడికి తమ్ముడిలాగే ఉంది.

ఇంకో చిన్న మనవి, ఇది రచయితకు కాదు, బొమ్మలు వేసేవారికి. సీరియల్ పైన ఆ లోకం పటం వేస్తున్నారు కదా, అది వారం వారం అదే బ్లాకు. నాలుగో వారం కథలో జనంతో సహా మునిగిపోయిన దీవి, ఐదో వారం బొమ్మలో రెండు కొబ్బరి చెట్లతో హాయిగా ఉంది. మారే పటం కథకు మారని బొమ్మ వేస్తే ఎలాగండీ? కనీసం ఆ దీవి ఉన్నచోట ఒక మరకైనా వేయించండి.

ఇట్లు,
ఒక పాఠకుడు