లీ పిల్-ఊ తీసిన బొమ్మల కోసం ఇకనైనా వెదికించండి: కొరియా సాంస్కృతిక శాఖ మంత్రిగారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన మంత్రిగారికి,

నేను సియోల్‌లో ఉద్యోగం చేసుకుంటూ మీ పాత సినిమాల మీద మక్కువ పెంచుకున్న తెలుగువాణ్ణి. మీ తొలితరం ఛాయాగ్రాహకుడు లీ పిల్-ఊ చిత్రాల కోసం గట్టిగా వెదికించమని మేము కొందరం కలిసి పెట్టుకున్న అర్జీలకు ఒక కార్యాలయం నుంచి, దాని పేరు ఇక్కడ రాయను, ఎప్పుడూ ఒకే జవాబు వస్తోంది: మా సూచనను నమోదు చేసుకున్నారట. నమోదు పుస్తకాలు ఇంత భద్రంగా ఉండే చోట సినిమా రీళ్లు మాత్రం ఎలా పోయాయో అర్థంకాక మీకే నేరుగా రాస్తున్నాను.

ఆయనెవరో మీకు చెప్పనక్కర్లేదు. 1924లో దాన్‌సంగ్సా థియేటర్ వారు పూర్తిగా కొరియన్లతోనే జాంగ్‌హ్వా, హొంగ్ర్యోన్ అనే అక్కాచెల్లెళ్ల కథను తీయించినప్పుడు కెమెరా పట్టిందీ, కూర్పు చేసిందీ ఆయనే. 1926లో దినపత్రికలో వచ్చే బొమ్మల కథను హాస్యచిత్రంగా మలిచిందీ, 1935లో తమ్ముడు లీ మ్యొంగ్-ఊ దర్శకత్వంలో మీ తొలి టాకీ 'చున్‌హ్యాంగ్' తయారైనప్పుడు ధ్వని బాధ్యత మోసిందీ ఆయనే.

ఈ మూడింటిలో ఒక్కటీ నేడు చూడటానికి లేదు. చరిత్రకారుడు లీ యంగ్-ఇల్ పుణ్యమా అని పెద్దాయన లీ పిల్-ఊ చెప్పుకున్న జ్ఞాపకాలు పుస్తకంగా మిగిలాయి గానీ, ఆయన చేత్తో తీసిన బొమ్మ మిగలలేదు. జాంగ్‌హ్వా, హొంగ్ర్యోన్ కథలో దయ్యాలై తిరిగొచ్చిన ఆ అక్కాచెల్లెళ్లను ఆ రోజుల్లో తెరమీద ఎలా చూపించారో, వెలుతురును ఎటునుంచి పట్టారో ఎవరూ కళ్లతో చూసి చెప్పలేరు. ఛాయాగ్రాహకుడి పనితనాన్ని చదివి మెచ్చుకోవలసి రావడం, విందు భోజనాన్ని వంటల పుస్తకంలో చూసి తృప్తిపడటం లాంటిదే కదా!

ఏటా అక్టోబరు 27న మీరు సినిమా దినోత్సవం జరుపుతారు. 1919లో ఆ రోజున ప్రదర్శించిన రంగస్థల నాటకం మధ్యలో తెరమీద చూపిన సినిమా భాగాలను తీసింది జపాన్ కెమెరామన్. ఆ తేదీని తప్పుపట్టడం నా ఉద్దేశం కాదు. కానీ కెమెరా కొరియన్ల చేతికి వచ్చిన ఘట్టానికి కూడా అంత వైభవం కాకపోయినా కాస్త శ్రద్ధైనా దక్కకూడదా?

ఇక దొరకవులే అని చేతులెత్తేయడానికి వీల్లేదని మీవాళ్లే నిరూపించారు. 1936 నాటి 'మిమొంగ్' చైనా సినిమా భాండాగారంలో బయటపడింది. తమ్ముడు లీ మ్యొంగ్-ఊ ఛాయాగ్రహణం చేసిన 1934 నాటి మూకీ 'యౌవన కూడలి' 2007లో మీ భాండాగారానికి చేరింది. తమ్ముడి బొమ్మ దొరికినప్పుడు అన్న బొమ్మ ఏ అటక మీదా లేదని ఎవరు తేల్చారు? దస్త్రం ఒక బల్ల నుంచి ఇంకో బల్లకు చేరేదాకా ఆనాటి సినిమాలు తీసిన నైట్రేట్ ఫిల్ము ఆగదు. జిగురై, పొడై పోతుంది. మా తెలుగువారి తొలి మూకీ 'భీష్మ ప్రతిజ్ఞ' కూడా ఇలాగే కనిపించకుండా పోయింది కాబట్టి ఈ బాధ మాకు కొత్తది కాదు.

అయ్యా, జపాన్‌లోని ప్రైవేటు సేకర్తలను, పాత థియేటర్ల యజమానుల వారసులను వెదికి కలుసుకోవడానికి ప్రత్యేకంగా మనుషులను నియమించండి. ఎక్కడెక్కడ వెదికారో, ఎక్కడ ఇంకా తలుపు తట్టలేదో ఆ జాబితాను ప్రజల ముందు పెట్టండి. దయచేసి ఈ లేఖను కూడా నమోదు చేసుకుని ఊరుకోకండి.

ఇట్లు,
ఒక తెలుగు సినీ ప్రేక్షకుడు