మారుతున్న నగరం, దొరకని పుస్తకాలు: గ్రంథాలయ అధికారి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన గ్రంథాలయ అధికారి గారికి, నమస్కారం.

భవనాల గురించి, నగరాల గురించి పుస్తకాలు తెప్పించమని ఏడాదిలో మూడుసార్లు రాతపూర్వకంగా అడిగాను. జవాబు రాలేదు కాబట్టి వరంగల్, హనుమకొండ పాఠకుల సమక్షంలో మళ్లీ అడుగుతున్నాను.

మా అమ్మాయి ఆర్కిటెక్చర్ కోర్సు ప్రవేశానికి రాసే నాటా పరీక్షకు చదువుతోంది. ఆర్కిటెక్ట్ కావాలని పట్టుదల. మన లైబ్రరీలో పోటీ పరీక్షల గైడ్లకు బీరువాలున్నాయి, మంచిదే. ఆధునిక భవనాల గురించి, నగరాల గురించి మాత్రం ఒక్క పుస్తకమూ లేదు. ఆర్కిటెక్టులకిచ్చే ప్రపంచ ప్రసిద్ధ ప్రిట్జ్‌కర్ బహుమతిని 2018లో అందుకున్న బాలకృష్ణ దోషి, ఆ బహుమతి పొందిన తొలి భారతీయుడు. ఆయన కట్టిన ఇళ్లను మా అమ్మాయి ఫోన్లోనే చూస్తోంది. అమెరికా రచయిత్రి జేన్ జేకబ్స్ 1961లో నగరాల మీద రాసిన పుస్తకం కోసం హైదరాబాద్ వెళ్లాం. బస్సు ఖర్చులతో పాటు నాకు ఒక రోజు కూలి పోయింది.

ఇది ఒక్క మా ఇంటి బాధ కాదు. కళ్లముందే అరుగులున్న పెంకుటిళ్లు పోయి అపార్ట్‌మెంట్లు లేస్తున్నాయి. 2020 ఆగస్టు వానలకు ఇక్కడ కాలనీలు మునిగాయి. కాకతీయులు చెరువుకు చెరువు కలిపి గొలుసుగా కట్టిన నేల ఇది. ఆ నీళ్ల దారి ఎక్కడ మూసుకుపోయిందో జనం అడగాలంటే, నగరం ఎలా కడతారో ముందు తెలియాలి కదా! 2022లో వరంగల్ యునెస్కో లెర్నింగ్ సిటీల నెట్‌వర్క్‌లో, అంటే అన్ని వయసుల వాళ్లకూ చదువు అందించే నగరాల జాబితాలో చేరిన రోజు నేనెంతో సంతోషించాను. అలాంటి నగరంలో ఈ పుస్తకాలూ దొరకాలి కదా!

దయచేసి వచ్చే కొనుగోళ్లలో దోషి, చార్లెస్ కొరియా, లారీ బేకర్ వంటి మన దేశంలో పనిచేసిన ఆర్కిటెక్టుల పనుల మీద పుస్తకాలు తెప్పించండి. నగర మాస్టర్ ప్లాన్ ప్రతిని తెలుగు వివరణతో రీడింగ్ హాల్లో ఉంచండి. నెల రోజుల్లోగా రాతపూర్వకంగా జవాబివ్వండి.

ఇట్లు,
ఒక పాఠకురాలు, హనుమకొండ