ప్లస్ టూ పిల్లల్ని ఓసారి పత్తి కొనుగోలు కేంద్రానికి తీసుకెళ్లండి

సంపాదకులకు నమస్కారం.

మా గుణుపురం, రాయగడ వైపు తెలుగిళ్లలో పత్తి పండించేవాళ్లు చాలామందే. వాళ్ల పిల్లలే ప్లస్ టూలో వ్యవసాయ మార్కెటింగ్ పాఠాన్ని బట్టీ పడుతున్నారు. మా అమ్మాయిని కనీస మద్దతు ధర అంటే ఏమిటని అడిగితే నిర్వచనం గడగడా చెప్పింది కానీ, ఆ ధర ఉండగా పక్కింటి పెదనాన్న తక్కువకే ఎందుకు అమ్మాడంటే నోరు మెదపలేదు. విత్తనాలకీ ఎరువులకీ అప్పిచ్చిన షావుకారే పంట కొంటాడు, అప్పు మెడమీదుంటే బేరం ఎక్కడాడతాం? అసలు పాఠం అక్కడుంది.

గ్రేడింగ్ సంగతీ అంతే. భారత పత్తి సంస్థ కొనేటప్పుడు తేమ 8 శాతం లోపుంటేనే పూర్తి మద్దతు ధర, ఆపైన పెరిగిన కొద్దీ కోత, 12 దాటితే బండి వెనక్కే. అంటే రెండ్రోజులు ఎండబెట్టడం కూడా మార్కెటింగే, అది మాత్రం పరీక్షలో అడగరు! గిడ్డంగిలో సరుకు పెడితే ఇచ్చే రసీదు మీద బ్యాంకు అప్పు తెచ్చుకోవచ్చని, ధర పడిపోయినప్పుడు తెగనమ్ముకోనక్కర్లేదని 2007 గిడ్డంగుల చట్టం గురించి చెప్పేవాళ్లేరీ? 2016లో మొదలైన ఈ-నామ్ అనే జాతీయ ఆన్‌లైన్ వ్యవసాయ మార్కెట్ గురించైతే ఒక మార్కు ప్రశ్న, అంతే.

టీచర్లకు నాదొకటే మనవి. సీజన్లో ఒక్కరోజు పిల్లల్ని కాటా దగ్గర నిలబెట్టి తరుగు, హమాలీ, కమీషన్ పోను రైతు చేతికి ఎంతొచ్చిందో వాళ్లచేతే లెక్క కట్టించండి.

— ఒక తండ్రి, గుణుపురం, రాయగడ జిల్లా, ఒడిశా